అలాట్‌మెంట్ వచ్చింది, ఇల్లు రాలేదు

సర్కారు క్వార్టర్ల మీద కోర్టు గొడవలంటే పేపర్లో వచ్చేవన్నీ పెద్దవాళ్ల కథలే. పదవి పోయినా ఢిల్లీ బంగళా వదలని నాయకులు, లక్నోలో మాజీ ముఖ్యమంత్రులకు బంగళాలు అట్టే ఉంచిన చట్టాన్ని 2018లో సుప్రీంకోర్టు కొట్టేయడం, ఇలాంటివి. నా గొడవ హైదరాబాద్‌లో ఒక టైప్ త్రీ క్వార్టర్ గురించి. రెండు పడగ్గదులు, ఒక హాలు, వెనకాల బట్టలారేసుకునేంత జాగా. దీనికోసం నేను సెంట్రల్ గవర్నమెంట్ ఉద్యోగుల సర్వీసు కేసులు చూసే ట్రిబ్యునల్‌కి ఎక్కాను, ఆ ఇంట్లో ఉన్నాయన సివిల్ కోర్టుకి ఎక్కాడు, మా ఇద్దరికీ జవాబు చెప్పడానికి మా డిపార్ట్‌మెంట్ రెండు చోట్లా లాయర్లను పెట్టుకుంది. ఈమధ్య ఆఫీసులో ఒక కుర్రాడు ఇదే ఇరకాటంలో పడి "అన్నా, మీది ఎలా తేలిందో మొత్తం చెప్పండి" అంటే నోటితో మొదలుపెట్టి సగంలో వదిలేశాను. అందుకే రాస్తున్నా. డిపార్ట్‌మెంట్ పేరు మాత్రం అడగొద్దు, ఇంకా అందులోనే జీతం తీసుకుంటున్నా.

నేను 2009లో చేరాను. సెంట్రల్ గవర్నమెంట్, జీతాల స్కేలులో లెవెల్ 8. మాకు డిపార్ట్‌మెంట్ సొంత కాలనీ ఉంది, రూల్స్ మాత్రం దాదాపు జనరల్ పూల్ (కేంద్ర శాఖలన్నిటికీ ఉమ్మడిగా ఉండే ఇళ్లు) వాళ్ల 2017 రూల్స్‌నే పట్టుకుని నడుస్తాయి. టైప్ త్రీ వెయిటింగ్ లిస్టు సర్వీసులో చేరిన తేదీని బట్టి ఉంటుంది. ఏళ్ల తరబడి ఆ లిస్టు చూసుకుంటూ, ఎవరు రిటైరవుతున్నారు, ఎవరికి ట్రాన్స్‌ఫర్ అయింది, మన ముందు ఇంకెంతమంది అని వేళ్ల మీద లెక్కలేసుకుంటూ గడిపాం. అప్పట్లో రామంతాపూర్‌లో అద్దెకుండేవాళ్లం. నా బేసిక్ 53,600, హైదరాబాద్ ఎక్స్ క్లాస్ సిటీ కాబట్టి హెచ్ఆర్ఏ (ఇంటి అద్దె అలవెన్స్) అప్పట్లో 27 శాతం, అంటే నెలకు 14,472 రూపాయలు. అద్దె దానికి కాస్త అటూ ఇటూగా సరిపోయేది. మరి క్వార్టర్ ఎందుకయ్యా అంటే, ఆఫీసుకి నడిచి వెళ్లొచ్చు, పిల్లల స్కూలు గేటు పక్కనే, ఎండాకాలంలో నీళ్ల ట్యాంకర్ కోసం ఫోన్లు చేసే బాధ ఉండదు. మా ఆవిడకి ఈ మూడోదే ముఖ్యం.

2022 జనవరిలో అలాట్‌మెంట్ లెటర్ చేతికొచ్చింది. ఒక పేజీ, నాలుగు పేరాలు. క్వార్టర్ నంబరు, బ్లాకు, ఇన్ని రోజుల్లో అంగీకారం తెలపాలి, తెలపకపోతే కొంతకాలం లిస్టులోంచి తీసేస్తాం, ఇలా మామూలు మాటలే. మూడో పేరాలో ఒక వాక్యం ఉంది: ఇప్పుడున్నవారు ఖాళీ చేసిన తరువాత స్వాధీనం ఇవ్వబడుతుందని. ఆ రోజు దాన్ని నేనూ పట్టించుకోలేదు, ఇచ్చినవాళ్లూ పట్టించుకోలేదు. అంగీకారం మీద సంతకం పెట్టి, సాయంత్రం మిఠాయి పట్టుకుని ఇంటికెళ్లి, మా ఓనరుకి నెలాఖరుకి ఖాళీ చేస్తామని చెప్పేశాం. ఆయన రెండు రోజుల్లో వేరేవాళ్ల దగ్గర అడ్వాన్సు కూడా తీసుకున్నాడు.

ఆ ఆదివారం ఇల్లు చూద్దామని నేనూ మా ఆవిడా కాలనీకి వెళ్లాం. కిటికీలకి కర్టెన్లు వేలాడుతున్నాయి, గుమ్మం ముందు అప్పుడే వేసిన ముగ్గు.

తలుపు తీసింది మా పాత సార్. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో రెండేళ్లు ఆయన కిందే పనిచేశాను. 2021 జూన్‌లో రిటైరయ్యాడు. రిటైరయ్యాక ఆరు నెలలు మామూలు లైసెన్స్ ఫీజు (క్వార్టర్‌కి కట్టే అద్దె) మీదే ఉండనిస్తారు, డిసెంబరు 31తో ఆ గడువు అయిపోయింది. క్వార్టర్ల వ్యవహారం చూసే మా ఎస్టేట్ సెక్షన్ వాళ్లు చేసిందేమిటంటే, గడువు అయిపోయింది కాబట్టి ఇల్లు ఖాళీ అయిపోయి ఉంటుందని క్యాలెండర్ చూసి తేల్చేసి, లిస్టులో తర్వాతి పేరుకి లెటర్ కొట్టేశారు. ఆ పేరు నాది. ఎవరూ వెళ్లి తలుపు తట్టి చూడలేదు.

"ఏవయ్యా, ఈ ఇల్లు నీకొచ్చిందా? సంతోషం. రండి, లోపలికి రండి" అన్నాడు. మనస్ఫూర్తిగానే అన్నాడు, ఆ విషయంలో నాకేం అనుమానం లేదు. సార్ వాళ్లావిడ కాఫీ ఇచ్చింది. ఊరి చివర ఫ్లాటు కొనుక్కున్నారట, బిల్డరు ఉగాదికి తాళాలిస్తానంటున్నాడట, ఏ ఉగాదికో మాత్రం చెప్పడం లేదు. మళ్లీ మధ్యలో అద్దెకి దిగి సామాను రెండుసార్లు మోయలేమని, ఇంకో ఆరు నెలలు ఉండనివ్వమని అప్లికేషన్ పెట్టానని చెప్పాడు. తర్వాత మమ్మల్ని వంటింట్లోకి తీసుకెళ్లి గట్టు మీద చెయ్యి పెట్టి, "ఈ గ్రానైట్ నా డబ్బుతో వేయించాను, ఇరవై రెండు వేలు. నువ్వు వచ్చేటప్పుడు దాని సంగతి మనం మనం చూసుకుందాం" అన్నాడు. మా ఆవిడ ఆ గట్టు వంక చూసిన చూపులో ఇల్లు నచ్చిందని నాకర్థమైంది. ఇంటికొచ్చి ఓనరు కాళ్లావేళ్లా పడ్డాం, ఆయన రెండు వేలు అద్దె పెంచి ఉండనిచ్చాడు.

ఫిబ్రవరి జీతం స్లిప్పు చూస్తే హెచ్ఆర్ఏ సున్నా. కింద లైసెన్స్ ఫీజు కోత. బిల్స్ సెక్షన్‌కి వెళ్తే అక్కడున్నమ్మాయి చాలా మర్యాదగా చెప్పింది, "మీకు ఇల్లు అలాటయింది కదండీ." అలాటయింది గానీ అందులో వేరేవాళ్లు కాపురం ఉన్నారమ్మా అన్నాను. "అది ఎస్టేట్ వాళ్లు చూసుకోవాలండీ. నాకు వచ్చిన కాపీలో అలాట్‌మెంట్ డేట్ ఉంది, ఎనిమిదో రోజు నుంచి ఆపేశాను." ఆ అమ్మాయి కల్పించి చెప్పింది కాదు, హెచ్ఆర్ఏ రూల్స్‌లో అలాగే ఉంది. అలాట్‌మెంట్‌ని అంగీకరించిన ఉద్యోగికి ఇంట్లో చేరిన రోజు నుంచి గానీ, అలాట్‌మెంట్ తేదీ తర్వాత ఎనిమిదో రోజు నుంచి గానీ, ఏది ముందైతే అప్పటినుంచి హెచ్ఆర్ఏ ఆగిపోతుంది. ఇల్లు ఖాళీగా ఉండి కూడా చేరకుండా అలవెన్స్ తినేవాళ్ల కోసం పెట్టిన రూలు అది. ఖాళీగా లేని ఇంటికి దాన్ని తగిలిస్తే ఎలా ఉంటుందో నా స్లిప్పులో కనపడింది.

ఎస్టేట్ సెక్షన్‌లో ఇంకో వార్త. వెయిటింగ్ లిస్టులో నా పేరు లేదు. "ఇల్లొచ్చినవాళ్ల పేరు లిస్టులో ఎందుకుంటుంది సార్?" అన్నాడు అక్కడి అసిస్టెంటు. అంటే కాలనీలో నిజంగా ఖాళీ అయిన ఇళ్లు నా వెనకాలవాళ్లకి వెళ్తాయి. అలాగే వెళ్లాయి కూడా. పది రూపాయలు కట్టి ఆర్టీఐ వేస్తే నెల రోజులకి జవాబు వచ్చింది: నాకు లెటర్ ఇచ్చాక అదే టైపులో మూడు క్వార్టర్లు ఖాళీ అయ్యాయి, మూడూ నాకన్నా తర్వాత సర్వీసులో చేరినవాళ్లకే. అందులో ఒకటి ఆరోగ్య కారణాలతో వరస తప్పించి ఇచ్చింది, దానికి నేనేమీ అనను, ఆ మనిషి డయాలసిస్ మీద ఉన్నాడు. మిగతా రెండూ మాత్రం నాకు రావలసినవి. ఆ ఇద్దరిలో ఒకడు రోజూ నాతో టిఫిన్ బాక్సు పంచుకునేవాడు.

ఆఫీసుకి రిప్రజెంటేషన్, అంటే అర్జీ, రాశాను. జవాబు లేదు. మళ్లీ రాశాను, గుర్తు చేస్తూ ఇంకోటి రాశాను. యూనియన్ నాయకుడు "పెద్దాయన దగ్గరికి నేనొచ్చి మాట్లాడతా" అన్నాడు, మాట్లాడాడు, ఇద్దరూ కాఫీ తాగారు, అక్కడితో అది అయిపోయింది. అప్పటికి వేసవి వచ్చేసింది, మా వీధిలో ట్యాంకర్లు తిరుగుతున్నాయి, ఇంట్లో నా పరిస్థితి మీకు వేరే చెప్పనక్కర్లేదు.

సర్వీసు కేసులు చూసే ఒక లాయరు మేడమ్ దగ్గరికి వెళ్లాను. కాగితాలన్నీ చదివి ఆవిడ అడిగిన మొదటి ప్రశ్న: "మీకేం కావాలి? ఆయన్ని ఖాళీ చేయించడమా, మీ డబ్బులా?" రెండూ అన్నాను. "మొదటిది మీ చేతిలో లేదండీ" అంది. ఈ ముక్క అప్పటిదాకా నాకెవరూ చెప్పలేదు. సర్కారు ఇంట్లో గడువు దాటి ఉన్నవాళ్లని ఖాళీ చేయించడానికి 1971 నాటి పబ్లిక్ ప్రెమిసెస్ చట్టం ఉంది. దాని కింద ఎస్టేట్ ఆఫీసర్ అని ఒక గెజిటెడ్ అధికారిని నియమిస్తారు, నోటీసిచ్చేది ఆయనే, వినేది ఆయనే, ఉత్తర్వు ఇచ్చేది ఆయనే. మామూలు సివిల్ దావా వేయడానికి వీల్లేదు. ఆ ఉత్తర్వు మీద అప్పీలు జిల్లా జడ్జి దగ్గరికి వెళ్తుంది. ఈ మొత్తంలో ఇద్దరే పార్టీలు, డిపార్ట్‌మెంటూ, ఇంట్లో ఉన్న మనిషీ. ఆ ఇల్లు ఎవరి పేరున రాసిపెట్టి ఉందో ఆ మూడోవాడికి కుర్చీ లేదు. సరే, ట్రిబ్యునల్‌కి వెళ్లి ఆయన్ని ఖాళీ చేయించమని అడగొచ్చుగా అంటే, ఆ చట్టం కింద జరిగే వ్యవహారంలో ట్రిబ్యునల్‌కి అధికారం లేదని రసీలా రామ్ కేసులో సుప్రీంకోర్టు ఎప్పుడో తేల్చేసింది. ట్రిబ్యునల్‌లో నేను అడగగలిగింది నా హెచ్ఆర్ఏ, నా లైసెన్స్ ఫీజు, లిస్టులో నా వరస. నా తగాదా సార్‌తో కాదు, జీతమిచ్చే వాళ్లతో. ఇది మింగుడు పడటానికి నాకు కొన్నాళ్లు పట్టింది, ఎందుకంటే కోపం మనిషి మీద వచ్చినంత సులువుగా ఆఫీసు మీద రాదు.

రెండో ఇబ్బంది గడువులు. ట్రిబ్యునల్‌కి నేరుగా పరిగెత్తడానికి లేదు. ముందు రిప్రజెంటేషన్ ఇవ్వాలి, జవాబు రాకపోతే ఆరు నెలలు ఆగాలి, ఆ తర్వాత ఏడాదిలోపు వేసేయాలి. నేను మార్చిలో ఇచ్చిన మొదటి రిప్రజెంటేషన్ మీద ఇన్‌వర్డ్ ముద్ర, తేదీ ఉన్నాయి కాబట్టి బతికిపోయాను. మెయిల్‌లో పంపాను, వాట్సాప్‌లో పెట్టాను, సార్‌కి స్వయంగా చెప్పాను అంటే అక్కడ ఎవరూ వినరు. ముద్ర ఉన్న కాగితం కావాలి.

ఈలోగా అవతలి కథ నడుస్తోంది. 2019లో ఆ పబ్లిక్ ప్రెమిసెస్ చట్టాన్ని సవరించి 3బి అని కొత్త సెక్షన్ పెట్టారు. ఉద్యోగరీత్యా ఇచ్చిన ఇళ్ల విషయంలో మూడు పనిదినాల్లో సంజాయిషీ అడిగి తొందరగా తేల్చేయడానికే అది. మా వాళ్లు ఆ దారి పట్టలేదు. కంప్యూటర్లో ఎప్పటిదో సెక్షన్ 4 నోటీసు నమూనా ఉంది, పేరూ నంబరూ మార్చి అదే పంపారు, అది కూడా ఏప్రిల్‌లో. ఎస్టేట్ ఆఫీసర్‌కి మధ్యలో ట్రాన్స్‌ఫర్ అయింది, కొత్తాయన నియామకం గెజిట్‌లో రావాలన్నారు, విచారణ మళ్లీ మొదటికి. సార్ తక్కువవాడేం కాదు, సర్వీసులో కొన్నాళ్లు అడ్మిన్‌లో ఉండి ఇలాంటి నోటీసుల మీద తనే సంతకాలు పెట్టినవాడు. ఎక్కడ కన్నాలుంటాయో ఆయనకి తెలుసు. నోటీసులో బ్లాకు నంబరు తప్పు పడిందన్నాడు. రిటైర్మెంట్‌కి మూడు నెలల ముందే నోటీసు పంపాలని 2013లో ఎస్.డి. బండి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది, నాకు పంపారా అని అడిగాడు. పంపలేదు మరి. చివరికి సెప్టెంబరులో ఖాళీ చేయమని ఉత్తర్వు వచ్చింది, దాంతోపాటు డ్యామేజీలు, అంటే మనం పీనల్ రెంట్ అంటామే, అది. మామూలు లైసెన్స్ ఫీజుకి ఎన్నో రెట్లు ఉంటుంది, నెలలు గడిచేకొద్దీ పెరుగుతుంది. అప్పీలుకి పన్నెండు రోజులే గడువు. సార్ గడువులోపే సిటీ సివిల్ కోర్టులో వేసి స్టే తెచ్చుకున్నాడు.

నేను అక్టోబరులో ట్రిబ్యునల్‌లో ఓఏ (ఒరిజినల్ అప్లికేషన్, అక్కడ వేసే కేసుని అలాగే అంటారు) వేశాను. అసెంబ్లీ దగ్గర, పబ్లిక్ గార్డెన్స్ ఎదురుగా హాకా భవన్‌లో. కోర్టు ఫీజు యాభై రూపాయల పోస్టల్ ఆర్డరు, లాయరు ఫీజు సంగతి మాత్రం అడక్కండి. కాగితాలకి పేజీ నంబర్లు సరిగ్గా వేయలేదని, ఒక జిరాక్స్ మసగ్గా ఉందని రిజిస్ట్రీ వాళ్లు అభ్యంతరాలు పెట్టారు, అవి సరిచేశాక నంబరు పడింది. మొదటి రోజు నా కేసు పిలిచి, విని, ముగించడానికి ఐదు నిమిషాలు పట్టి ఉంటుంది. డిపార్ట్‌మెంట్ తరఫు స్టాండింగ్ కౌన్సెల్ ఇన్‌స్ట్రక్షన్స్ తీసుకోవాలన్నాడు. బెంచ్ మీద ఇద్దరు సభ్యులు. ఈయన రిప్రజెంటేషన్ మీద ఎనిమిది వారాల్లో స్పీకింగ్ ఆర్డర్ (కారణాలు రాసిన ఉత్తర్వు) ఇవ్వండి అని కేసు ముగించేశారు. నాకు నీరసం వచ్చింది, ఇంతకాలం ఆగింది దీనికా అనిపించింది. మేడమ్ మాత్రం బయటికొచ్చి, "ఇది మంచిదే. వాళ్ల చేత కాగితం మీద కారణాలు రాయించాలి. ఏం రాసినా మనకు పనికొస్తుంది" అంది.

జనవరిలో వచ్చింది ఆ ఆర్డరు. రెండున్నర పేజీలు. మీరు అలాట్‌మెంట్‌ని అంగీకరిస్తూ సంతకం పెట్టారు, కాబట్టి హెచ్ఆర్ఏ రాదు. మీకు ఇల్లు అలాట్ అయి ఉంది, కాబట్టి లిస్టులో ఉండరు. ఇల్లు వద్దనుకుంటే రాతపూర్వకంగా నిరాకరించవచ్చు. నిరాకరిస్తే ఏమవుతుందో మొదటి లెటర్ నాలుగో పేరాలోనే ఉంది కదా, కొంతకాలం లిస్టులో పేరుండదు. ఈ ఆర్డరు మా ఆవిడకి చదివి వినిపిస్తే పడీ పడీ నవ్వింది. తర్వాత "ఇది రాసినాయనకి క్వార్టరుందా?" అని అడిగింది. ఉంది, టైప్ ఫైవ్.

రెండో ఓఏలో మేడమ్ ఆ మూడో పేరాని పట్టుకుంది. ఖాళీ అయ్యాకే స్వాధీనం ఇస్తామని మీరే రాశారు, అంటే లెటర్ ఇచ్చిన రోజున ఇవ్వడానికి ఇల్లు లేదని మీకే తెలుసు, ఇవ్వని ఇంటికి ఎనిమిదో రోజు ఎక్కడి నుంచి లెక్కపెట్టారు అని. దీని దగ్గర ఇంకో చిక్కు వచ్చింది. నా వెనకాలవాళ్లకిచ్చిన రెండు ఇళ్ల అలాట్‌మెంట్ రద్దు చేయమని అడగాలంటే ఆ ఇద్దరినీ ప్రతివాదులుగా చేర్చాలి. వరస తప్పించి ఇచ్చే సర్కారు ఇళ్ల మీద 1996లో శివసాగర్ తివారీ కేసులో సుప్రీంకోర్టు ఎంత గట్టిగా ఉందో మేడమ్ చెప్పింది, అడిగితే అవకాశం లేకపోలేదంది. నేను వద్దన్నాను. నా బాక్సులో పప్పు తిన్నవాడి ఇంటికి కోర్టు నోటీసు పంపి, మర్నాడు అతని ఎదురుగా కూర్చుని అన్నం తినడం నా వల్ల కాదు. అతను చేసిన తప్పు కూడా ఏమీ లేదు, లెటర్ వచ్చింది, చేరాడు. తర్వాత ఖాళీ అయ్యే ఇల్లయినా ఇమ్మని అడిగి ఊరుకున్నాం.

సార్ అప్పీలు వాయిదాలకి పాతబస్తీలో సిటీ సివిల్ కోర్టుకి నేను కూడా వెళ్లేవాణ్ని. నన్ను ఎవరూ పిలవలేదు, ఆ కేసులో నా పేరు లేదు. వెనక బెంచీలో కూర్చునేవాణ్ని. ఒకరోజు జడ్జిగారు సెలవు, వాయిదా పడింది, బయటికొస్తుంటే సార్ చూశాడు.

"నువ్వెందుకొచ్చావయ్యా ఇక్కడికి?"

"నా ఇంటి సంగతి ఏమవుతుందోనని సార్."

"నీ ఇల్లు!" అని నవ్వి, చెయ్యి పట్టుకుని ఎదురుగా ఉన్న ఇరానీ హోటల్‌కి తీసుకెళ్లాడు. రెండు చాయ్, ఉస్మానియా బిస్కెట్లు. గ్రాట్యుటీలో కొంత ఆపేశారని, పీనల్ రెంట్ అందులోంచే పట్టుకుంటామంటున్నారని చెప్పాడు. ఇలా పట్టుకోవచ్చా లేదా అన్నదాని మీద కోర్టుల్లో చాలా ఏళ్లు రెండు రకాలుగా నడిచింది, 2020లో స్టీల్ అథారిటీ కేసులో మాత్రం సుప్రీంకోర్టు సర్దుకోవచ్చంది. ఆ సంగతి ఆయనకి నాకన్నా బాగా తెలుసు. ఫ్లాటు గోడలు లేచాయి, లిఫ్టు రాలేదు, ఆవిడకి మోకాళ్ల నొప్పులు, ఐదో అంతస్తు. "నా మీద కోపంగా ఉందా?" అన్నాడు. "ఉంది సార్" అన్నాను. "ఉండాలి మరి" అని బిల్లు తనే ఇచ్చాడు.

ఆయన్ని నేనిప్పటికీ పూర్తిగా తప్పు పట్టలేను, పూర్తిగా వెనకేసుకురాలేను. బిల్డరు మోసం చేస్తే ఆ నష్టం ఆయన మోయాలా, నేను మోయాలా అన్నదే అసలు ప్రశ్న. ఏడాదిన్నర పాటు సగం నేనే మోశాను. 2021 ఆగస్టులో ఓంకార్ నాథ్ ధర్ కేసు తీర్పు వచ్చింది. ఆయన ఇంటెలిజెన్స్ బ్యూరోలో చేసి రిటైరైన కశ్మీరీ, సొంతూరికి తిరిగి వెళ్లలేని పరిస్థితి, ఫరీదాబాద్‌లో సర్కారు ఇంట్లోనే ఉండిపోయాడు. హైకోర్టు ఉండనిచ్చినా సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. సర్కారు ఇల్లు ఉద్యోగంలో ఉన్నవాళ్లకేనని, తలదాచుకునే హక్కంటే సర్కారు క్వార్టర్ మీద హక్కు కాదని చెప్పింది. అంత కష్టంలో ఉన్నాయనకే కుదరనప్పుడు లిఫ్టు రాలేదన్నది ఎక్కడ నిలబడుతుంది? అప్పీలు కొట్టేసినప్పుడు డిపార్ట్‌మెంట్ లాయరు చదివి వినిపించింది ఈ తీర్పే. జడ్జిగారు మాత్రం పెద్దాయన వయసు చూసి, ఫలానా తేదీకి ఖాళీ చేస్తానని అఫిడవిట్ ఇస్తే రెండు నెలలు టైమిస్తానన్నారు. సార్ ఇచ్చాడు, హైకోర్టుకి వెళ్లలేదు.

2023 ఆగస్టులో ఖాళీ చేశారు. ఆ రోజు స్వాధీనం తీసుకోవడానికి జేఈ (జూనియర్ ఇంజినీరు) వచ్చాడు, చేతిలో ఇన్వెంటరీ లిస్టు. ఫ్యాన్లు నాలుగు, ఉన్నాయి. రెగ్యులేటర్లు నాలుగు, మూడే ఉన్నాయి. గీజరు ఉంది, పనిచేయదు. వంటింట్లోకొచ్చి గట్టు చూసి ఆగాడు. లిస్టులో కడప రాయి అని ఉంది, ఎదురుగా నల్ల గ్రానైట్. "ఇది పర్మిషన్ లేకుండా మార్చారు. రాస్తే పాతది పెట్టించడానికయ్యే ఖర్చు ఆయన దగ్గర రికవరీ పడుతుంది" అన్నాడు. సార్ గుమ్మంలో నిలబడి ఉన్నాడు, ఏమీ మాట్లాడలేదు. ఇరవై రెండు వేల ఊసు కూడా ఎత్తలేదు. నేనే జేఈని పక్కకి పిలిచి, ఆ రాయి మాకు కావాలయ్యా, వదిలేయ్ అన్నాను. అతను కాసేపు ఆలోచించి "ప్లాట్‌ఫారం, ఉంది" అని టిక్కు పెట్టుకుని బాత్రూం వైపు వెళ్లాడు. అక్కడ గోడంతా చెమ్మ, ఇప్పటికీ అలాగే ఉంది.

ఆక్యుపేషన్ రిపోర్టు మీద తేదీ, టైము నా కళ్ల ముందు వేయించుకుని, కాపీ మీద ముద్ర కొట్టించుకున్నాను. ఎవరైనా చదువుతుంటే ఇదొక్కటి పట్టుకోండి: అలాట్‌మెంట్ అంగీకరించేటప్పుడు ఉత్త సంతకం పెట్టకుండా, స్వాధీనం ఇచ్చిన తేదీ నుంచే అమలవుతుందన్న షరతుతో అంగీకరిస్తున్నాను అని ఒక ముక్క రాయండి. మా కుర్రాడి చేత అలాగే రాయించాను, అతని హెచ్ఆర్ఏ ఇంకా ఆగలేదు.

రెండో ఓఏ 2024లో తేలింది. ఇవ్వలేని ఇంటిని అలాట్ చేశామని చెప్పి అలవెన్స్ ఆపడం కుదరదని, స్వాధీనం ఇచ్చిన రోజు వరకు హెచ్ఆర్ఏ కట్టమని, మూడు నెలలు టైమిచ్చారు. వడ్డీ అడిగాం, ఇవ్వలేదు. వరస సంగతి, ఇల్లు ఎలాగూ వచ్చింది కాబట్టి, ఇక చూడనక్కర్లేదన్నారు. ఆ ముక్క నాకు నచ్చలేదు, ఎందుకంటే లిస్టులోంచి పేరు తీసేసే ఆ పద్ధతి మా ఆఫీసులో ఇప్పటికీ అలాగే నడుస్తోంది. డబ్బు మూడో నెల ఆఖరి వారంలో పడింది, రెండు లక్షల డెబ్బై వేల పైచిలుకు, అదీ కంటెంప్ట్, అంటే కోర్టు ధిక్కారం కేసు, వేస్తామని మేడమ్ ఒక లెటర్ పంపాక. మొత్తం ఒకే ఏడాది జీతంలో కలిసేసరికి టాక్స్ ఎగిరింది. ఎరియర్స్‌కి అప్పట్లో 1961 నాటి ఆదాయపు పన్ను చట్టం సెక్షన్ 89 కింద రిలీఫ్ ఉండేది, రిటర్ను వేసే ముందే ఫారం 10ఈ ఆన్‌లైన్‌లో పెట్టాల్సి వచ్చేది, పెట్టకపోతే ఇచ్చేవాళ్లు కాదు.

ఇక మిగిలింది లైసెన్స్ ఫీజు. నేను ఒక్క రాత్రి కూడా పడుకోని ఇంటికి ఏడాదిన్నర పాటు నా జీతంలోంచి కోసింది. ఆర్డర్లో హెచ్ఆర్ఏ అని స్పష్టంగా ఉంది గానీ లైసెన్స్ ఫీజు అని విడిగా లేదట, క్లారిఫికేషన్ కోసం ఫైలు పైకి పంపారట. మొత్తం కలిపినా కొన్ని వేలే, వదిలేయండి అంటుంది మా ఆవిడ. నేను వదల్లేదు. ఫైలు ఏ టేబుల్ మీద ఉందో చెప్పమని పోయిన వారమే ఇంకో పది రూపాయలు పెట్టి ఆర్టీఐ వేశాను.